ఎఫ్‌ఐఆర్ అయ్యాక కేసు కదలడం లేదా? విశాఖలో మేజిస్ట్రేట్‌కు పిటిషన్ ఇలా వేయండి

స్టేషన్‌కు ఎన్నిసార్లు వెళ్లినా "దర్యాప్తులో ఉంది" అన్న ఒక్క మాటే వినిపిస్తుంటే అక్కడితో ఆగిపోకండి. దర్యాప్తు సరిగా జరిగేలా చూసే అధికారం ఆ స్టేషన్ పరిధి మేజిస్ట్రేట్‌కు ఉంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) 156(3) సెక్షన్‌లో పర్యవేక్షణ కూడా ఇమిడి ఉందని సుప్రీంకోర్టు 2007లో సకిరి వాసు కేసులో చెప్పింది. 2024 జూలై 1న దాని స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) వచ్చాక అది 175(3) అయింది. ముందే హైకోర్టుకు పరుగెత్తక్కర్లేదు.

కోర్టుకు వెళ్లేముందు రెండు ఉత్తరాలు రాయాలి. మొదటిది స్టేషన్ ఇన్‌చార్జి అధికారి అయిన ఎస్‌హెచ్‌ఓకు. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో 90 రోజుల్లోగా ఫిర్యాదుదారుకు లేదా బాధితులకు తెలపాలని బీఎన్‌ఎస్‌ఎస్ 193(3) చెబుతోంది, ఆ సెక్షన్ పేర్కొనే అడగండి. రెండోది పోలీస్ కమిషనర్‌కు, స్పీడ్ పోస్టులో. సోమవారం గ్రీవెన్స్‌లో అర్జీ ఇచ్చినా సరే, పోస్టు రసీదు మాత్రం ఉండాలి.

అసలు బలం పిటిషన్ రాయడంలో ఉంది. "దర్యాప్తు నత్తనడకన సాగుతోంది" అని నాలుగు పేజీలు నింపితే జడ్జిగారు పట్టుకోవడానికి ఏమీ దొరకదు. మధురవాడలో ప్లాట్ ఇప్పిస్తానని డబ్బు ఎగ్గొట్టిన కేసే అనుకోండి. "ఫలానా తేదీన బ్యాంకు స్టేట్‌మెంట్ ఇచ్చాను, డబ్బు చేరిన ఖాతా వివరాలు ఇప్పటికీ తెప్పించలేదు. అగ్రిమెంటు మీద సాక్షి సంతకం పెట్టినాయన వాంగ్మూలం తీసుకోలేదు" అంటూ జరగని పనులు తేదీలతో రాయండి. సీసీ కెమెరా ఫుటేజీ ఉంటే అదే మొదట రావాలి. పాతదాని మీద కొత్త రికార్డింగ్ పడిపోయాక ఏ ఆర్డరూ దాన్ని వెనక్కి తేలేదు.

కోరేది కూడా క్లుప్తంగా ఉండాలి: స్టేటస్ రిపోర్ట్ తెప్పించడం, మిగిలిన పనులు పూర్తిచేయమని ఆదేశించడం, వాయిదాల్లో పురోగతి చూడడం. ఫలానావాణ్ని అరెస్టు చేయించమని అడగొద్దు, ఆ నిర్ణయం పోలీసులది. కేసు సీబీఐకి ఇచ్చే అధికారం మేజిస్ట్రేట్‌కు లేదు.

ఎఫ్‌ఐఆర్ కాపీ, రెండు ఉత్తరాలు, రసీదులు, అఫిడవిట్ జతచేయండి. అఫిడవిట్ తప్పనిసరి, అందులో అబద్ధం రాస్తే మీ మీదే కేసవుతుంది. మీ స్టేషన్ ఏ కోర్టు కిందకొస్తుందో అక్కడి కోర్టు కానిస్టేబుల్‌ను అడిగితే చెప్తారు. లాయర్ ఫీజు కట్టలేనివారు జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్లొచ్చు, 15100కు ఫోన్ చేయొచ్చు. మహిళలకు, పిల్లలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్‌ను పెడతారు.

స్టేటస్ రిపోర్ట్ వచ్చాక చదవకుండా వదిలేయకండి. మీరు రాసిన పనుల్లో దేనికి జవాబు లేదో తర్వాతి వాయిదాకు మెమో వేయించండి. పిటిషన్ కొట్టేస్తే అప్పుడు హైకోర్టుకు వెళ్లొచ్చు. చిన్న శిక్షలున్న కేసుల్లో మాత్రం ఆలస్యం అస్సలు వద్దు: ఏడాదికి మించి మూడేళ్ల వరకు శిక్ష పడే నేరాల కేసును కోర్టు విచారణకు స్వీకరించడానికి బీఎన్‌ఎస్‌ఎస్ 514వ సెక్షన్ పెట్టిన గడువు మూడేళ్లే.