వీఆర్ గేమ్‌ల దొంగ కాపీలు ఎక్కడ దెబ్బకొడతాయి, తక్కువ ఖర్చుతో సక్రమంగా ఎలా ఆడాలి

మామూలు గేమ్ తడబడితే తెర మీద బొమ్మ ఆగి కదులుతుంది, విసుగొస్తుంది, అంతే. తలకి హెడ్‌సెట్ పెట్టుకుని ఆడే వీఆర్ (వర్చువల్ రియాలిటీ) గేమ్ తడబడితే కడుపులో తిప్పుతుంది. 90 హెర్ట్జ్‌లో, అంటే సెకనుకి 90 ఫ్రేములతో (బొమ్మలతో), నడిచే హెడ్‌సెట్‌కి ఒక్కో ఫ్రేము సిద్ధం చేయడానికి కంప్యూటర్‌కి ఉండే గడువు 11.1 మిల్లీసెకన్లు. గడువు తప్పిన ప్రతిసారీ మెడ తిరిగినదానికీ కళ్లకు కనిపించేదానికీ పొత్తు కుదరదు. అందుకే వెనకాల ఏదో దొంగ ప్రోగ్రామ్ ప్రాసెసర్‌ని నమిలేస్తుంటే ఆ సంగతి వీఆర్ ఆడేవాళ్లకే ముందు తెలుస్తుంది. కాకపోతే చాలామంది అది హెడ్‌సెట్ లోపమనో, తమకు వీఆర్ పడదనో అనుకుని ఊరుకుంటారు.

ఇది ఊహించి చెప్తున్నది కాదు. 2024 డిసెంబర్ 31న మొదలైన ఒక దాడికి కాస్పర్‌స్కీ అనే యాంటీవైరస్ కంపెనీ పరిశోధకులు స్టారీడోబ్రీ అని పేరు పెట్టారు. బీమ్‌ఎన్‌జీ డ్రైవ్, గ్యారీస్ మాడ్, యూనివర్స్ శాండ్‌బాక్స్ లాంటి గేమ్‌ల రీప్యాక్‌లను (కుదించి మళ్లీ కట్టిన కాపీలను) టొరెంట్లలో పెట్టి, వాటి ఇన్‌స్టాలర్‌లో ఎక్స్‌ఎమ్‌రిగ్ అనే క్రిప్టో మైనర్‌ని (మీ కంప్యూటర్‌తో వేరేవాళ్లకి డిజిటల్ డబ్బు సంపాదించిపెట్టే ప్రోగ్రామ్‌ని) దాచారు. ప్రాసెసర్‌లో కనీసం 8 కోర్లు లేకపోతే ఆ మైనర్ పని మొదలుపెట్టదు. అంటే గట్టి గేమింగ్ కంప్యూటర్లే దానికి కావాలి. వీఆర్ కోసం కొన్న కంప్యూటర్ సరిగ్గా ఆ కోవలోదే. ఇంకో తెలివి ఏమిటంటే, టాస్క్ మేనేజర్ తెరవగానే అది తనంతట తానే ఆగిపోతుంది. మీరు చూసేసరికి ప్రాసెసర్ ప్రశాంతంగా ఉంటుంది, మూసేయగానే మళ్లీ మొదలు.

మైనర్ కన్నా చెడ్డవి పాస్‌వర్డ్ దొంగలు. ఇవి బ్రౌజర్‌లో దాచుకున్న పాస్‌వర్డ్‌లతో పాటు లాగిన్ అయి ఉన్నట్టు గుర్తుపెట్టే కుకీలను కూడా ఎత్తుకెళ్తాయి. కుకీ చేతికి చిక్కితే పాస్‌వర్డ్‌తో పనిలేదు, ఫోన్‌కి వచ్చే ఓటీపీతోనూ పనిలేదు. మీరే లాగిన్ అయినట్టు అవతలివాడు మీ మెయిల్ తెరుచుకుంటాడు. కొన్ని గుర్తులు ముందే కనిపెట్టవచ్చు. కంప్రెస్ చేసిన ఫైలుకి పాస్‌వర్డ్ పెట్టి, ఆ పాస్‌వర్డ్ పక్కనే రాసి ఉంటే, అది యాంటీవైరస్ లోపలికి తొంగిచూడకుండా వేసిన తాళం. ‘ఇన్‌స్టాల్ చేసేముందు యాంటీవైరస్ ఆపండి, క్రాక్ కదా, పొరపాటుగా వైరస్ అంటుంది’ అని రాసి ఉంటే ఇక చెప్పేదేముంది. అది ఒక్కోసారి నిజమే కావచ్చు, కానీ నిజమో కాదో తేల్చుకునే సాధనాన్నే వాళ్లు ఆపేయమంటున్నారు.

క్వెస్ట్ లాంటి విడి హెడ్‌సెట్‌లో

మెటా కంపెనీ క్వెస్ట్ హెడ్‌సెట్లు కంప్యూటర్ లేకుండానే, ఆండ్రాయిడ్ పునాది మీద నడుస్తాయి. గేమ్ అంటే ఒక ఏపీకే ఫైలు, పెద్ద గేమ్‌కి జతగా ఓబీబీ ఫైలు. ప్రతి ఏపీకే మీదా తయారుచేసినవాళ్ల డిజిటల్ సంతకం ఉంటుంది. లోపల కోడ్ మార్చగానే ఆ సంతకం చెల్లదు కాబట్టి, క్రాక్ చేసినవాళ్లు తమ సొంత సంతకం పెట్టి మళ్లీ ప్యాక్ చేస్తారు. తర్వాత ఎప్పుడైనా మీరు ఆ గేమ్‌ని నిజంగా కొన్నా, అసలు కాపీ దాని మీద అప్‌డేట్‌గా ఎక్కదు, సంతకాలు కలవవు. పాతది తీసేయాలి, తీసేస్తే సేవ్ చేసిన ఆటంతా పోతుంది. హెడ్‌సెట్ సిస్టమ్ అప్‌డేట్ అయ్యాక పాత కాపీలో కంట్రోలర్లు పనిచేయకపోయినా, తెర నల్లగా మిగిలినా సరిచేసే నాథుడు ఉండడు.

ఆన్‌లైన్ ఆట అయితే అసలు దండగ. కొన్నదా కాదా అని స్టోర్ సర్వర్‌ని గేమ్ అడుగుతుంది, లేదనగానే ఆటగాళ్లు చేరే లాబీ దాకా కూడా రానివ్వదు. యాప్‌ని, పరికరాన్ని ఎవరైనా మార్చారేమో కనిపెట్టే అటెస్టేషన్ సదుపాయం మెటా డెవలపర్లకు ఇస్తోంది. దాని ఆధారంగా పెట్టే నిషేధం హెడ్‌సెట్ మీదే పడవచ్చు, అప్పుడు కొత్త ఖాతా తెరిచినా లాభం లేదు. స్టోర్ ఖాతాయే ఆపేస్తే సొంత డబ్బుతో కొన్న మిగతా గేమ్‌లు కూడా దాంతోపాటే పోతాయి.

ఎక్కువమంది పట్టించుకోని ప్రమాదం మాత్రం గేమ్‌లో కాదు, గేమ్‌లు దించిపెట్టే కంప్యూటర్ ప్రోగ్రామ్‌లో ఉంటుంది. కేబుల్ పెట్టగానే హెడ్‌సెట్ లోపల ‘యూఎస్‌బీ డీబగ్గింగ్ అనుమతించాలా’ అని ఒక పెట్టె వస్తుంది. కింద ‘ఈ కంప్యూటర్‌ని ఎప్పుడూ అనుమతించు’ అనే గడి. అక్కడ టిక్ పెట్టారంటే, ఆ తర్వాత కేబుల్ పెట్టిన ప్రతిసారీ ఆ కంప్యూటర్‌లోని ప్రోగ్రామ్ మిమ్మల్ని అడగకుండానే హెడ్‌సెట్‌లో యాప్‌లు వేయగలదు, తీయగలదు, మీరు రికార్డ్ చేసిన వీడియోలు కాపీ చేసుకోగలదు. ఎవరు రాశారో తెలియని ప్రోగ్రామ్‌కి ఈ తాళం ఇవ్వకూడదు.

ఇప్పటికే వేసేసి ఉంటే

వరుస ముఖ్యం. ముందు ఆ కంప్యూటర్‌కి నెట్ తీసేయండి. పాస్‌వర్డ్‌లు దానిలో మార్చకండి, మార్చిన కొత్తవి కూడా పోతాయి. ఫోన్‌లోనో వేరే కంప్యూటర్‌లోనో మొదట మెయిల్ పాస్‌వర్డ్, తర్వాత స్టోర్ ఖాతాలవి మార్చి, ప్రతిచోటా ‘అన్ని పరికరాల నుంచి సైన్ అవుట్’ నొక్కండి. కుకీలు చచ్చేది దానితోనే. కంప్యూటర్ గేమ్‌లు అమ్మే స్టీమ్ స్టోర్‌లో ఇంకో పని ఉంది: మీ ఖాతా పేరు మీద వెబ్ ఏపీఐ కీ (బయటి ప్రోగ్రామ్‌లకి ఖాతాలోకి దారిచ్చే కోడ్) ఏదైనా పుట్టిందేమో చూడండి. మీరు తీసుకోనిది కనిపిస్తే రద్దు చేయండి, ట్రేడ్‌లను (గేమ్ వస్తువుల మార్పిడిని) దారి మళ్లించడానికి దొంగలు వాడేది దాన్నే. విండోస్ సెక్యూరిటీలో వైరస్ అండ్ థ్రెట్ ప్రొటెక్షన్ సెట్టింగ్స్ కింద ఎక్స్‌క్లూజన్స్ (యాంటీవైరస్ చూడకుండా వదిలేసేవాటి) జాబితా తెరవండి. మీరు చేర్చని ఫోల్డర్ అక్కడ ఉంటే ఏదో లోపలికి వచ్చిందనే లెక్క. అలాంటప్పుడు స్కాన్‌తో సరిపెట్టుకోకుండా విండోస్ కొత్తగా వేసుకోవడమే మేలు. హెడ్‌సెట్‌లో డెవలపర్ మోడ్ (స్టోర్ బయటి యాప్‌లు వేయనిచ్చే సెట్టింగ్) ఆపి, ఫ్యాక్టరీ రీసెట్ చేయండి.

డబ్బు మిగిలే దారులు

కొనేముందు మీ దగ్గర ఉన్నదేమిటో చూసుకోండి. స్టీమ్ లైబ్రరీని వీఆర్ అని వడకడితే, మామూలు తెర మీద ఆడటానికి ఎప్పుడో కొన్నవాటిలో కొన్నింటికి వీఆర్ ఉన్నట్టు బయటపడుతుంది. నో మ్యాన్స్ స్కైకి 2019 ఆగస్టులో వచ్చిన ఉచిత అప్‌డేట్‌తో వీఆర్ వచ్చింది. డీసీఎస్ వరల్డ్ మూల గేమ్ రెండు విమానాలతో ఉచితమే, వార్ థండర్ కూడా ఉచితమే, రెంటికీ కంప్యూటర్ మీద వీఆర్ ఉంది. అన్‌రియల్ ఇంజిన్‌తో చేసిన మామూలు గేమ్‌లను వీఆర్‌లో నడిపే యూఈవీఆర్ అనే ఉచిత పరికరం 2024 జనవరి నుంచి అందుబాటులో ఉంది. ఒక్క జాగ్రత్త: అది గేమ్‌లోకి చొరబడి పనిచేస్తుంది కాబట్టి మోసాన్ని పట్టే యాంటీచీట్ ఉన్న ఆన్‌లైన్ ఆటల జోలికి దాంతో వెళ్లొద్దు, నిషేధం పడుతుంది.

వాల్వ్ వాళ్ల ది ల్యాబ్, గూగుల్ ఎర్త్ వీఆర్, వీఆర్‌చాట్, క్వెస్ట్‌లో గొరిల్లా ట్యాగ్ ఉచితం. బొమ్మలు గీసే టిల్ట్ బ్రష్‌ని గూగుల్ 2021 జనవరిలో ఓపెన్ సోర్స్ చేసింది, దాని వారసుడు ఓపెన్ బ్రష్ కూడా ఉచితమే. హాఫ్ లైఫ్ 2 అసలు గేమ్ మీ ఖాతాలో ఉంటే దాని వీఆర్ మాడ్ (అభిమానులు మార్చి చేసిన రూపం) స్టీమ్‌లోనే ఉచితంగా దొరుకుతుంది. ఉచితమన్న మాటకి ఇంతకన్నా మంచి ఉదాహరణ నాకు తట్టదు, ఒక పూర్తి కథాగేమ్ అది.

అన్నిటికన్నా పనికొచ్చేది రీఫండ్. స్టీమ్‌లోనూ క్వెస్ట్ స్టోర్‌లోనూ నియమం దాదాపు ఒకటే: కొన్న 14 రోజుల్లోపు, ఆడిన సమయం 2 గంటల్లోపు. దొంగ కాపీ దించుకునేవాళ్లు ఎక్కువగా చెప్పే కారణం ‘నచ్చుతుందో లేదో, కడుపులో తిప్పుతుందో ఏమో, ముందు చూద్దామని’. ఆ రెండు గంటలు ఉన్నదే అందుకు. కాస్త పద్ధతిగా వాడుకోవాలి.

మొదటి పది నిమిషాలు ఆడకండి, సెట్టింగ్స్ చూడండి. కంట్రోలర్ మీది చిన్న కర్రతో తిరిగితే మెల్లగా తిరిగే స్మూత్ టర్న్ ఉంటే, ఒక్కో విసురుకి ఇంత కోణమని గెంతే స్నాప్ టర్న్‌కి మార్చండి. కదలికకి టెలిపోర్ట్ (చూపిన చోటికి ఒక్కసారిగా గెంతడం) ఉందా, కూర్చుని ఆడే మోడ్ ఉందా, అక్షరాలు చదవగలిగేలా ఉన్నాయా చూడండి. తర్వాత అరగంట ఆడండి. చెమట పట్టినా, నోట్లో నీళ్లూరినా అక్కడే ఆపండి. ‘కాసేపట్లో అలవాటైపోతుందిలే’ అని లాగిస్తే వికారం గంటల తరబడి వదలదు. మర్నాడు ఇంకో అరగంట చూడండి. అప్పటికీ అంతే అయితే గేమ్ వాపసు ఇచ్చేయండి. రెండోరోజు బాగుంటే ఉంచుకోండి. కంప్యూటర్ మీద తడబడుతుంటే, స్టీమ్‌వీఆర్ వీడియో సెట్టింగ్స్‌లో రెండర్ రిజల్యూషన్ ఆటోలో ఏ శాతానికి పోయిందో చూసి, కస్టమ్‌కి మార్చి తగ్గించి చూడండి. గేమ్ బాగానే ఉండి అంకె ఎక్కువైన సందర్భాలు చాలా ఉంటాయి.

ఇక్కడ బోల్తా పడేది గడియారం దగ్గర. హెడ్‌సెట్ తీసి బల్ల మీద పెట్టి భోజనానికి వెళ్లారనుకోండి, స్టీమ్ లెక్కలో గేమ్ తెరిచే ఉంది. పాజ్‌లో ఉన్నా నిమిషాలు కాలుతూనే ఉంటాయి. తీసిన వెంటనే గేమ్ పూర్తిగా మూసేయండి. ఇంకో సంగతి: కొన్న రెండు రోజులకే అది తగ్గింపులోకి వచ్చిందా? రీఫండ్ తీసుకుని తక్కువ ధరకి మళ్లీ కొనుక్కోవచ్చు, అది దుర్వినియోగం కిందికి రాదని స్టీమ్ తన నియమాల్లోనే రాసింది. ప్లేస్టేషన్ దారి వేరు. అక్కడ డౌన్‌లోడ్ మొదలుపెడితే సాధారణంగా రీఫండ్ హక్కు పోతుంది. కాబట్టి ప్లేస్టేషన్ హెడ్‌సెట్ పీఎస్ వీఆర్2లో ముందు డెమో ఉందేమో వెతకండి.

ఇంట్లో ఇద్దరు ముగ్గురు ఆడేవాళ్లుంటే స్టీమ్ ఫ్యామిలీస్ పెట్టుకోండి. ఆరుగురి దాకా చేరి ఒకరి గేమ్‌లు ఒకరు ఆడుకోవచ్చు. ఒక కాపీ ఒకేసారి ఒక్కరికే. గుంపు వదిలితే, అందులో చేరిన రోజు నుంచి ఏడాది నిండేదాకా ఇంకో గుంపులో చేరలేరు. మీ కాపీతో తమ్ముడు చీట్ చేసి దొరికితే నిషేధం మీకూ పడుతుంది. ఈ చివరిది పిల్లలకి ముందే చెప్పి పెట్టండి. క్వెస్ట్‌లో అయితే హెడ్‌సెట్ అడ్మిన్ ఖాతా యాప్ షేరింగ్ ఆన్ చేస్తే, అదే హెడ్‌సెట్‌లో చేర్చిన మిగతావాళ్లు కూడా ఆ గేమ్‌లు ఆడగలరు.

నెలవారీ చందాలు, అంటే మెటా హొరైజన్ ప్లస్, వైవ్‌పోర్ట్ ఇన్ఫినిటీ లాంటివి, ఎక్కువ గేమ్‌లు తొందరగా ముగించేవాళ్లకి లాభం. చందా ఆపితే గేమ్‌లు తెరుచుకోవు, మళ్లీ కట్టాకే తెరుచుకుంటాయి. ఏళ్లకేళ్లు ఆడే ఒకటి రెండింటిని విడిగా కొని, ఒకసారితో అయిపోయే కథాగేమ్‌లకి చందా వాడటం మంచి లెక్క.

తగ్గింపుల కోసం విష్‌లిస్ట్‌లో వేసి ఊరుకోండి, ధర తగ్గగానే స్టీమే మెయిల్ పంపుతుంది. అంతకుముందు ఎంత తగ్గిందో ఈజ్ దేర్ ఎనీ డీల్ సైట్‌లో చూడొచ్చు. అడుగు ధర తెలిస్తే ‘భారీ తగ్గింపు’ అన్న మాటకి మోసపోరు. వీపీఎన్ (ఇంకో దేశం నుంచి వస్తున్నట్టు చూపే సాధనం) పెట్టి చవక దేశంగా మారదామనుకోకండి, అది నియమాలకు విరుద్ధం, దేశం మార్చినా మూడు నెలలకోసారే కుదురుతుంది. ఎవరో వ్యక్తులు అమ్మే చవక గేమ్ కీలు (ఖాతాలో గేమ్ చేర్చే కోడ్‌లు) దొంగ కార్డుతో కొన్నవి కావచ్చు. కార్డు యజమాని ఫిర్యాదు చేస్తే కీ రద్దవుతుంది, మీ డబ్బూ పోతుంది. ‘రెండొందల గేమ్‌లున్న ఖాతా’ అమ్మేది ఇంకా దారుణం, పాస్‌వర్డ్ మార్చగల అసలు యజమాని ఎక్కడో ఉంటాడు.

స్టోర్ బయటి నుంచి యాప్ వేసుకునే సైడ్‌లోడ్ అంటేనే దొంగతనం అనుకోవద్దు. అందుకు వాడే సైడ్‌క్వెస్ట్ ప్రోగ్రామ్ ద్వారా సక్రమమైనవి ఎన్నో వస్తాయి. లాంబ్డా1వీఆర్ తీసుకోండి, పాత హాఫ్ లైఫ్‌ని క్వెస్ట్‌లో నడిపే ఉచిత పోర్ట్ (వేరే పరికరానికి మలిచిన రూపం). మీరు కొన్న అసలు గేమ్ ఫైళ్లు దానికి కావాలి. మెటా ఫోన్ యాప్‌లో డెవలపర్ మోడ్ ఆన్ చేసి, సైడ్‌క్వెస్ట్‌తో దాన్ని వేసి, ఒకసారి తెరిచి అనుమతులు ఇచ్చి మూసేయండి. హెడ్‌సెట్ నిల్వలో ఎక్స్‌ఏఎస్‌హెచ్ అనే ఫోల్డర్ పుడుతుంది. కంప్యూటర్‌లో హాఫ్ లైఫ్ ఉన్న చోటి నుంచి వాల్వ్ అనే ఫోల్డర్‌ని మొత్తంగా దాని లోపలికి కాపీ చేయండి. లోపలి ఫైళ్లను విడివిడిగా పోస్తే గేమ్ తెరుచుకోదు, తప్పు జరిగేది ఎక్కువగా ఇక్కడే. తర్వాత యాప్‌ల జాబితాలో అన్‌నోన్ సోర్సెస్ కింద గేమ్ కనిపిస్తుంది. పని అయ్యాక డెవలపర్ మోడ్ ఆపేసుకోవచ్చు, గేమ్ ఎక్కడికీ పోదు.