భూమితి సొంతంగా, 4వ పాఠం: కోణం మధ్యలో లేకపోతే ఎన్ని త్రిభుజాలు?

ముందు పోయిన పాఠంలో ఇచ్చిన లెక్క చూద్దాం. 9, 5, 3 సెం.మీ. భుజాలతో త్రిభుజం గీయమన్నాను. 9 సెం.మీ. గీతకు ఒక కొన నుంచి 5, రెండో కొన నుంచి 3 సెం.మీ. వ్యాసార్ధంతో చాపాలు గీస్తే వాటి మధ్య ఇంకా 1 సెం.మీ. ఖాళీ మిగిలే ఉంటుంది. త్రిభుజం రాదు. 3 బదులు 4 తీసుకుంటే రెండు చాపాలూ ఆ గీత మీదే తాకుతాయి, అదీ త్రిభుజం కాదు. ఏ రెండు భుజాలు కలిపినా మూడోదానికంటే ఎక్కువ రావాలి అన్న షరతు ఇక్కడిదే.

ఇప్పుడు కొత్త విషయం. రెండు భుజాలు, వాటి మధ్య కోణం తెలిస్తే త్రిభుజం ఒక్కటే వస్తుందని రెండో పాఠంలో గీసి చూశాం. మరి ఇచ్చిన కోణం ఆ రెండు భుజాల మధ్యది కాకపోతే? బడిలో దీనికి దొరికే సమయం తక్కువ. కానీ కొలతలకూ త్రిభుజానికీ ఉన్న సంబంధం ఇంత బాగా తెలిసే చోటు ఇంకోటి లేదని నా నమ్మకం. అందుకే నిదానంగా వెళ్దాం.

పెన్సిల్ సన్నగా చెక్కుకోండి. కంపాస్ స్క్రూ బిగించి ఉందో లేదో చూసుకోండి. చాపం తిప్పేటప్పుడు కాలు కాస్త జారినా ఈ పాఠంలో జవాబే మారిపోతుంది.

13 సెం.మీ. గీత ఒకటి అడ్డంగా గీయండి. దీన్ని అడుగు గీత అందాం. ఎడమ కొన ‘ఎ’. అక్కడ కంపాస్‌తో 60 డిగ్రీల కోణం వేసి, దాన్ని సమద్విఖండన చేస్తే 30 డిగ్రీలు వస్తాయి. ఆ 30 డిగ్రీల గీత మీద ‘ఎ’ నుంచి 6 సెం.మీ. దూరంలో ‘బి’ గుర్తు పెట్టండి. కోణం ఎ = 30 డిగ్రీలు, ఎబి = 6 సెం.మీ. తయారయ్యాయి. మూడో శీర్షం ‘సి’ అడుగు గీత మీద ఎక్కడో ఉండాలి. ఎక్కడన్నది బిసి పొడవు చెబుతుంది. కాబట్టి ముల్లు ‘బి’ దగ్గర పెట్టి, వ్యాసార్ధం మారుస్తూ చాపాలు గీద్దాం.

2 సెం.మీ. తీసుకోండి. చాపం అడుగు గీత దాకా రానే రాదు, త్రిభుజం లేదు. 3 తీసుకుంటే గీతను ఒక్క చోట తాకి వెళ్లిపోతుంది. అక్కడ కోణమానిని పెట్టి చూడండి, ‘సి’ దగ్గర 90 డిగ్రీలు ఉంటుంది. ‘బి’ నుంచి అడుగు గీతకు లంబదూరం 3 సెం.మీ. కావడమే కారణం.

ఇప్పుడు 4 సెం.మీ. చాపం గీతను రెండు చోట్ల కోస్తుంది. ఒకటి ‘ఎ’ నుంచి సుమారు 2.5 సెం.మీ. దగ్గర, రెండోది సుమారు 7.8 దగ్గర. రెండింటినీ ‘బి’తో కలపండి. రెండు త్రిభుజాలకూ కోణం ఎ, ఎబి, బిసి ఒకటే, అయినా అవి సర్వసమానం కావు. ఇప్పుడు ‘సి’ దగ్గర కోణాలు కొలవండి. ఒకటి 48, 49 డిగ్రీల మధ్య, ఇంకోటి 131, 132 మధ్య వస్తుంది. కలిపితే 180. ‘బి’నీ ఆ రెండు ‘సి’లనీ కలిపితే సమద్విబాహు త్రిభుజం వస్తుంది కదా, దాని అడుగు కోణాలు రెండూ సమానం. చిన్న త్రిభుజంలో ‘సి’ దగ్గరి కోణం, ఆ అడుగు కోణం ఒకే సరళరేఖ మీద పక్కపక్కనే ఉన్నాయి. అందుకే మొత్తం 180. ఈ బొమ్మ మీద కాసేపు కళ్లు పెట్టండి, తొందరేమీ లేదు.

6 సెం.మీ. తీసుకుంటే ఒక ఖండన బిందువు సరిగ్గా ‘ఎ’ మీదే పడుతుంది, అది లెక్కలోకి రాదు. మిగిలేది ఒక్కటే. 7 తీసుకున్నా ఒక్కటే, సుమారు 11.5 దగ్గర. అంటే లఘుకోణం ఇచ్చినప్పుడు, ఎదుటి భుజం (ఇక్కడ బిసి) లంబదూరం కంటే ఎక్కువ, పక్క భుజం (ఎబి) కంటే తక్కువ ఉన్నప్పుడే రెండు త్రిభుజాలు పుడతాయి.

‘ఎ’ దగ్గర లంబకోణం ఉంటే ఈ తికమకే లేదు. ఎదుటి భుజమైన కర్ణం ఎప్పుడూ పక్క భుజం కంటే పెద్దదే, ఒక్క త్రిభుజమే వస్తుంది. మధ్యలో లేని కోణమే అయినా లం.క.భు. (లంబకోణం, కర్ణం, భుజం) సర్వసమానత్వ నియమం చెల్లేది అందుకే.

30 డిగ్రీలు ఎంచుకోవడానికి కారణం అది స్కేలు, కంపాస్‌తోనే కచ్చితంగా వస్తుంది కాబట్టి. 20 డిగ్రీలు అలా రాదు. 60 డిగ్రీల కోణాన్ని ఆ రెండు సాధనాలతో మూడు సమభాగాలు చేయలేమని 1837లో ఫ్రెంచ్ గణితజ్ఞుడు పియర్ వాంట్‌జెల్ రుజువు చేశాడు. ఏ కోణాలు వస్తాయి, ఏవి రావు అన్నది 5వ పాఠం.

ఈలోగా రెండు లెక్కలు. కోణం ఎ = 45 డిగ్రీలు, ఎబి = 8 సెం.మీ.; బిసి 5.5 అయితే ఎన్ని త్రిభుజాలు, 6 అయితే ఎన్ని? కోణం ఎ = 120 డిగ్రీలు, ఎబి = 5 సెం.మీ.; బిసి 4 అయితే ఎన్ని, 7 అయితే ఎన్ని? మొదటిదాంట్లో 5.5 చాపం గీతకు బాగా దగ్గరగా వస్తుంది. తాకిందో లేదో కంటితో తేల్చేయకండి, ‘బి’ నుంచి లంబం గీసి కొలవండి.