రాజీనామా చేసినవారు ప్రమోషన్ పరీక్ష రాయొచ్చా? కేంద్ర శాఖల ఎల్‌డీసీఈ అర్హత, దరఖాస్తు విధానం

కేంద్ర ప్రభుత్వ శాఖల్లో ప్రమోషన్ కోసం పెట్టే ఎల్‌డీసీఈకి (ఉద్యోగులకే పరిమితమైన శాఖాపరమైన పోటీ పరీక్ష) కూర్చోవాలంటే, నోటిఫికేషన్‌లో చెప్పిన కీలక తేదీ నాటికి ఫీడర్ కేడర్‌లో, అంటే ప్రమోషన్‌కు తీసుకునే కింది పోస్టులో, రెగ్యులర్ ఉద్యోగి అయి ఉండాలి. ఖాళీలను ఇప్పుడు క్యాలెండర్ సంవత్సరం లెక్కన చూస్తారు కాబట్టి ఆ తేదీ సాధారణంగా జనవరి 1. రాజీనామా ఆమోదం పొంది రిలీవ్ అయినవారు, వీఆర్‌ఎస్‌పై (స్వచ్ఛంద పదవీ విరమణ) వెళ్లిపోయినవారు పాత సర్వీసు ఎన్నేళ్లున్నా అర్హులు కారు. వీఆర్‌ఎస్ నోటీసు గడువు ఇంకా నడుస్తుంటే మాత్రం సర్వీసులో ఉన్నట్టే.

చిక్కు వచ్చేది వేరే శాఖకు వెళ్లి తిరిగి వచ్చినవారితో. ప్రాపర్ చానల్‌లో, అంటే తమ కార్యాలయం ద్వారా, దరఖాస్తు చేసి, ఎంపికై, పాత పోస్టుకు రాజీనామా చేస్తే అది టెక్నికల్ రాజీనామా. లేఖలో ‘టెక్నికల్’ అన్న మాట రాయకపోయినా, షరతులు తీరితే అలాగే పరిగణించాలని డీఓపీటీ (కేంద్ర సిబ్బంది, శిక్షణ విభాగం) 2016 ఆగస్టు 17 నాటి ఉత్తర్వు చెబుతోంది. పర్మనెంట్ ఉద్యోగికి పాత పోస్టుపై లియన్ (ఆ పోస్టుకు తిరిగి వచ్చే హక్కు) 2 ఏళ్లు ఉంటుంది; అసాధారణ సందర్భాల్లో 3 ఏళ్లు. ఆ లోపు తిరిగొస్తే సీనియారిటీ పోదు. కానీ బయట గడిపిన కాలం ప్రమోషన్‌కు కావలసిన కనీస సర్వీసులో కలవదు. చాలామంది లెక్క తప్పేది ఇక్కడే. 5 ఏళ్ల సర్వీసు అడిగారనుకుందాం. 4 ఏళ్లు చేసి, ఏడాదిన్నర బయట ఉండి వచ్చినవారి చేతిలో ఉన్నది 4 ఏళ్లే. పీఎస్‌యూలో (ప్రభుత్వ రంగ సంస్థ) ఇమ్మీడియట్ అబ్సార్ప్షన్‌పై, అంటే వెంటనే శాశ్వతంగా ఆ సంస్థ ఉద్యోగిగా, చేరినవారికి ఆ రోజు నుంచే లియన్ ఉండదు.

మామూలు రాజీనామాను వెనక్కి తీసుకోవాలంటే 90 రోజుల నిబంధన ఉంది. రాజీనామా అమల్లోకి వచ్చిన రోజు నుంచి తిరిగి డ్యూటీలో చేరడానికి అనుమతించిన తేదీ వరకు 90 రోజులు దాటకూడదు. అర్జీ పెట్టిన తేదీతో పని లేదు, అందుకే 80వ రోజున అర్జీ ఇచ్చి ఊరుకుంటే ఫలితం ఉండదు. ప్రైవేటు కంపెనీలోనో ప్రభుత్వ కార్పొరేషన్‌లోనో చేరడానికి రాజీనామా చేసి ఉంటే ఆ దారి మూసుకున్నట్టే. మళ్లీ ఎస్‌ఎస్‌సీ (స్టాఫ్ సెలక్షన్ కమిషన్) ద్వారా కొత్తగా వచ్చినవారికి సర్వీసు కొత్త చేరిక తేదీ నుంచే మొదలు.

తొలగించాక కోర్టు ఉత్తర్వుతో తిరిగి చేరినవారు ఆ మధ్య కాలాన్ని డ్యూటీగా పరిగణిస్తూ ఇచ్చిన ఉత్తర్వును తప్పక జతచేయాలి. అది లేకపోతే సర్వీసు లెక్క తేలదు.

దరఖాస్తు నేరుగా పరీక్ష నిర్వహించే కార్యాలయానికి పంపకూడదు. మీ కార్యాలయాధిపతి ద్వారానే వెళ్లాలి. దానితో పాటు నియామక, కన్ఫర్మేషన్ ఉత్తర్వులు, పాత శాఖ రిలీవింగ్ ఆర్డర్, లియన్ మంజూరు లేఖ, తిరిగి చేరిన రిపోర్టు పెట్టండి. సమర్పించే ముందే సర్వీస్ బుక్ అడిగి చూసుకోండి: వెళ్లిన తేదీ, వచ్చిన తేదీ, ఏ ఉత్తర్వు ప్రకారం అన్నవి అందులో ఎక్కి ఉండాలి. తిరస్కరణలు మొదలయ్యేది ఈ ఖాళీ గడుల నుంచే. సర్వీసు ధ్రువీకరణ, విజిలెన్స్ క్లియరెన్స్ రాసి పై కార్యాలయానికి పంపడానికి రోజులు పడుతుంది కాబట్టి, గడువు మీరు ఇవ్వడానికా, పై కార్యాలయానికి చేరడానికా అన్నది నోటిఫికేషన్‌లో చూడండి. డైరీ నంబరు వేసిన నకలు దగ్గర పెట్టుకోండి.

డెప్యుటేషన్‌లో ఉన్నవారు మాజీలు కారు. పనిచేస్తున్న శాఖ ద్వారా మాతృశాఖకు పంపించుకుంటే సరి, అయితే దీనికి ఆలస్యం ఎక్కువ. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులకు ఇవేవీ వర్తించవు. వారి సర్వీసు నియమాలు వేరు.

అనర్హులని తేలిస్తే కారణం రాతపూర్వకంగా అడిగి, సంబంధిత ఉత్తర్వు నకలుతో వెంటనే వినతి ఇవ్వండి. దాని రుజువు లేకుండా క్యాట్ (కేంద్ర పరిపాలన ట్రిబ్యునల్) హైదరాబాద్ బెంచ్‌కు వెళ్తే, ముందు శాఖలో ఎందుకు అడగలేదన్న ప్రశ్న ఎదురవుతుంది.