గెనిచిరో ముందు వెనక్కి తగ్గకండి

విశాఖ ఎంవీపీ కాలనీలో మా మేడ మీద గదికి సాయంత్రమైతే వీధి కుర్రాళ్లు ప్లేస్టేషన్‌లో ‘సెకిరో’ అనే కత్తియుద్ధం వీడియో గేమ్ ఆడటానికి వస్తారు. 2019లో వచ్చిన ఆటే అయినా మోజు తగ్గలేదు. దాదాపు అందరూ ఆగిపోయేది ఆటలోని అషీనా కోట పైన, గెనిచిరో అనే బాస్ (గట్టి శత్రువు) దగ్గరే.

భయపడి దూరం జరిగితే బాణాలు వేస్తాడు, ఈలోగా అతని పోశ్చర్ (నిలకడ, అది పూర్తిగా దెబ్బతింటేనే చంపే దెబ్బ వేయగలం) కోలుకుంటుంది. అందుకే అంటిపెట్టుకుని కొట్టండి. ప్రాణం తగ్గేకొద్దీ పోశ్చర్ నెమ్మదిగా కోలుకుంటుంది కాబట్టి మొదట్లో చిన్న దెబ్బలు కూడా వృథా కావు. మీ కత్తిని అతను ఖంగుమని తిప్పికొట్టాడా, వెంటనే ఆగండి. తర్వాతి దెబ్బ అతనిది. ఎల్1 బటన్‌తో డిఫ్లెక్ట్ చేయండి, అంటే దెబ్బ తగిలే క్షణంలో కత్తితో తిప్పికొట్టండి.

ప్రమాదకరమైన దెబ్బ వస్తోందని హెచ్చరించే ఎర్ర అక్షరం తెరమీద కనబడగానే చాలామంది కంగారుగా గెంతేస్తారు. అక్షరాన్ని కాదు, కత్తిని చూడండి. మొన సూటిగా మీ వైపుకొస్తే ముందుకే సర్కిల్ నొక్కాలి. పొడుపును ఎదుర్కొనే ఆ ఎత్తు పేరే మికిరి, ఆ స్కిల్ ఆటలో ముందే నేర్చుకుని ఉండాలి. కత్తి కాళ్ల దగ్గర అడ్డంగా తిరిగితే ఎగిరి, గాల్లోనే మళ్లీ ఎక్స్ నొక్కి అతన్ని తన్నండి.

చివర్లో మెరుపు విసురుతాడు. అప్పుడు కాళ్లు నేల మీద ఉండకూడదు. ఎగరండి, గాల్లో మెరుపు తగలనివ్వండి, కింద పడేలోపు ఆర్1 నొక్కండి. ఆ మెరుపు తిరిగి అతనికే తగులుతుంది. టెన్షన్‌లో మెరుపు తగలకముందే నొక్కేస్తే పని జరగదు.

చేయి ఇంకా తిరగలేదనిపిస్తే ఆటలోని పాడుబడిన గుడి బయట సాధన చేయించే హాన్బే అనే పాత్ర ఉంటాడు. అతనితో మికిరి సాధన చేసి రండి.