ఇంటి లోను పత్రాల మీద సంతకం పెట్టే ముందు

నెలకు ఎంత కట్టాలన్నది అందరూ అడుగుతారు. మొత్తం ఎంత కడతామన్నది ముందు అడగండి.

• 9 శాతం వడ్డీకి 20 ఏళ్ల లోను తీసుకుంటే, 100 అప్పుకి మొత్తం దాదాపు 216 కడతారు. అదే 30 ఏళ్లకు పెడితే 290. ఈఎంఐ మాత్రం 11 శాతం లోపే తగ్గుతుంది! ఆ కాస్త ఊరటకి పదేళ్ల అదనపు కిస్తీలు అవసరమా?

• ఏ నెల కిస్తీలో అసలెంత, వడ్డీ ఎంత అన్నది చూపే నెలవారీ పట్టిక అడిగి తీసుకోండి. పై 20 ఏళ్ల లోనులో మొదటి కిస్తీలో 83 శాతం వడ్డీకే పోతుంది. అసలులో సగం తీరేసరికి 14వ ఏడు వస్తుంది. అందుకే చేతిలో అదనపు డబ్బు ఉంటే మొదటి ఏళ్లలో కట్టడమే లాభం. ముందస్తు చెల్లింపుకి జరిమానా ఉందేమో, కట్టాక గడువు తగ్గుతుందా, ఈఎంఐ తగ్గుతుందా అన్నది రాతపూర్వకంగా తెలుసుకోండి. నన్నడిగితే గడువే తగ్గించుకోవాలి.

• ఫ్లోటింగ్ రేటా, అంటే మధ్యలో మారే వడ్డీనా? రేటు పెరిగితే ఈఎంఐ అలాగే ఉంచి గడువు పొడిగించే అవకాశం ఉంది. మనం గమనించం కూడా. ఇప్పటి రేటుకి 2 శాతం కలిపి లెక్క వేసి చూడండి. టెన్షన్ లేకుండా కట్టగలిగితేనే ముందుకెళ్లండి.

• ప్రాసెసింగ్ ఫీజు, రిజిస్ట్రేషన్, ఇంటి పన్ను, మరమ్మతులు విడిగా రాసుకోండి.

• ఇన్సూరెన్స్ ప్రీమియం లోనులో కలిపేస్తామంటే ఆగండి, దానికీ అన్నేళ్లూ వడ్డీ పడుతుంది.