పర్మిట్ దరఖాస్తుపై నిర్ణయం రాకపోతే హైకోర్టును ఆశ్రయించే విధానం

విశాఖపట్నంలో బస్సుకు గానీ వ్యానుకు గానీ పర్మిట్ కోరుతూ దరఖాస్తు చేసి, రుసుము కట్టి, నెలలు గడిచినా మంజూరో తిరస్కరణో తెలియని యజమానులు ముందుగా ఒక తేడాను గమనించాలి. దరఖాస్తును తిరస్కరిస్తే 1988 మోటారు వాహనాల చట్టం 89వ సెక్షన్ కింద రాష్ట్ర రవాణా అప్పిలేట్ ట్రిబ్యునల్‌కు అప్పీలు చేసుకోవచ్చు. అసలు ఉత్తర్వే లేనప్పుడు అప్పీలుకు తావుండదు. అప్పుడు రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద అమరావతిలోని హైకోర్టులో మాండమస్ (అధికారి తన చట్టబద్ధ విధిని నిర్వర్తించాలనే కోర్టు ఆదేశం) కోరుతూ రిట్ పిటిషన్ వేయాలి. విశాఖ జిల్లా కోర్టుకు ఈ రిట్ అధికారం లేదు.

పిటిషన్ బలమంతా దానికి ముందు కూడబెట్టిన కాగితాల్లోనే ఉంటుంది. దరఖాస్తు నకలు, రుసుము రసీదు, ఆర్‌సీ, ఫిట్‌నెస్, బీమా, పన్ను పత్రాలు సిద్ధంగా ఉంచుకోవాలి. కార్యాలయం ఏదైనా లోపం చూపితే వెంటనే లిఖితపూర్వకంగా జవాబివ్వాలి, లేకపోతే ఆలస్యం మీదేనని ప్రభుత్వ న్యాయవాది వాదిస్తారు. ఆ తరువాత ప్రాంతీయ రవాణా అధికార సంస్థ కార్యదర్శికి వినతిపత్రం ఇచ్చి, మీ నకలుపై తేదీతో ముద్ర వేయించుకోండి. పర్మిట్‌ను సాధారణంగా నిరాకరించరాదని, నిరాకరిస్తే దరఖాస్తుదారు వాదన విని కారణాలు రాతపూర్వకంగా ఇవ్వాలని చెప్పే 80వ సెక్షన్‌ను అందులో ప్రస్తావించాలి. ఫైలు ఎవరి వద్ద ఆగిందో సమాచార హక్కు చట్టం కింద అడగడం కూడా మేలు; 30 రోజుల్లో రావలసిన ఆ జవాబు తరచూ పిటిషన్‌కు అతి బలమైన ఆధారమవుతుంది. స్టేజ్ క్యారేజ్ (దారిలో స్టాపుల్లో ప్రయాణికులను ఎక్కించుకుని దించే బస్సు) పర్మిట్ అయితే, ఆ మార్గం ఆమోదిత జాతీయీకరణ పథకంలో, అంటే ఆర్టీసీకి కేటాయించిన మార్గాల్లో, ఉందేమో ముందే చూసుకోవాలి.

పర్మిట్ మంజూరు చేయమనే ఉత్తర్వును నేరుగా కోరకండి. అధికారి తీసుకోవలసిన నిర్ణయాన్ని కోర్టు సాధారణంగా తాను తీసుకోదు. ఈ జాప్యం చట్టవిరుద్ధమని ప్రకటించి, మీ వాదన విని, నిర్ణీత గడువులోగా చట్ట ప్రకారం దరఖాస్తును పరిష్కరించేలా ఆదేశించమని కోరాలి. బండి కదలకపోయినా ఫైనాన్స్ వాయిదాలు ఆగవు కనుక, నిలిచిపోయిన బండి వల్ల నెలనెలా కలిగే నష్టాన్ని అఫిడవిట్‌లో అంకెలతో చూపడం అవసరం.

ఉత్తర్వు వచ్చాక దాని నకలును కార్యాలయంలో అందజేసి రసీదు తీసుకోవాలి, ఎందుకంటే గడువు చాలాసార్లు ఆ నకలు అందిన తేదీ నుంచే మొదలవుతుంది. గడువు దాటినా కదలిక లేకపోతే ఏడాదిలోగా కోర్టు ధిక్కార పిటిషన్ వేయవచ్చు. ఆ గడువులో కారణాలతో తిరస్కరిస్తే మాత్రం అది ధిక్కారం కాదు. ఇక ట్రిబ్యునల్‌కు వెళ్లాలి.

పిటిషన్ వేసినంత మాత్రాన పర్మిట్ వచ్చినట్టు కాదు. అది లేకుండా బండి నడిపితే 192-ఎ సెక్షన్ కింద శిక్ష తప్పదు. పునరుద్ధరణ కోరేవారు గడువు ముగియడానికి కనీసం 15 రోజుల ముందే దరఖాస్తు చేసి, నిర్ణయం వచ్చేలోగా 87వ సెక్షన్ కింద నాలుగు నెలలకు మించని తాత్కాలిక పర్మిట్ అడగవచ్చు.