మానిటర్‌కు సరిపోయే వీడియో కేబుల్‌ను ఎంచుకోవడం ఎలా?

కేబుల్ కొనడానికి వెళ్లే ముందు కంప్యూటర్ వెనుక, మానిటర్ వెనుక ఉన్న పోర్టులను ఫోన్‌తో ఫొటో తీసుకోవాలి. డెస్క్‌టాప్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు ఉంటే మదర్‌బోర్డు పోర్టులను పక్కనపెట్టి, ఆ కార్డు పోర్టులనే చూడాలి.

తర్వాత ఆకారాన్ని బట్టి పోర్టును గుర్తించాలి. మూడు వరుసల్లో 15 రంధ్రాలు, రెండు పక్కలా మరలు, చాలావరకు నీలం రంగు ఉన్నది వీజీఏ. 1987లో ఐబీఎం ప్రవేశపెట్టిన ఈ అనలాగ్ పోర్టు పాత ప్రొజెక్టర్లపై ఇంకా కనిపిస్తుంది. దానికంటే వెడల్పుగా, సాధారణంగా తెల్లగా ఉండేది డీవీఐ. దాని ఒక చివర ఉండే సన్నని అడ్డగీత చుట్టూ నాలుగు రంధ్రాలు ఉంటే అనలాగ్ సిగ్నల్ కూడా వస్తుంది. లేకపోతే డిజిటల్ మాత్రమే.

చాలామంది తడబడేది హెచ్‌డీఎంఐ, డిస్‌ప్లేపోర్ట్‌ల దగ్గరే. హెచ్‌డీఎంఐకి కింది రెండు మూలలూ లోపలికి వాలి ఉంటాయి; డిస్‌ప్లేపోర్ట్‌కు ఒక్క మూలే కోసినట్టు ఉంటుంది. డిస్‌ప్లేపోర్ట్ కేబుళ్లలో చాలావాటికి కొక్కేలు ఉంటాయి కనుక, పైనున్న మీటను నొక్కకుండా లాగితే పోర్టు దెబ్బతినవచ్చు. ఈ రెండూ ధ్వనిని కూడా మోస్తాయి. యూఎస్‌బీ-సీ విషయంలో ఆకారాన్ని నమ్మకూడదు. వీడియోను పంపే సదుపాయం ల్యాప్‌టాప్‌లోని ఆ పోర్టుకు ఉందో లేదో వివరాల పత్రంలో చూసుకోవాలి.

రెండు చివరలా వేర్వేరు పోర్టులుంటే సిగ్నల్ ఎటు నుంచి ఎటు వెళ్తోందో గమనించాలి. కంప్యూటర్ డిస్‌ప్లేపోర్ట్ నుంచి మానిటర్ హెచ్‌డీఎంఐకి చవకైన కేబుల్ సాధారణంగా సరిపోతుంది, కానీ అదే కేబుల్‌ను తిప్పి పెడితే పనిచేయదు. హెచ్‌డీఎంఐ నుంచి డిస్‌ప్లేపోర్ట్‌కు గాని, వీజీఏకు గాని వెళ్లాలంటే లోపల చిప్ ఉన్న కన్వర్టర్ తప్పనిసరి.

చివరగా వేగాన్ని సరిచూడాలి. హెచ్‌డీఎంఐ 1.4 పోర్టు 4కే (3840×2160 చుక్కల) చిత్రాన్ని 30 హెర్ట్జ్ వద్ద, అంటే సెకనుకు 30 సార్లు మాత్రమే ఇస్తుంది, మౌస్ గుర్తు తెరపై ఆగి ఆగి కదిలినట్టు కనిపిస్తుంది. 60 హెర్ట్జ్‌కు కంప్యూటర్, మానిటర్ రెండింటిలోనూ హెచ్‌డీఎంఐ 2.0 లేదా అంతకంటే కొత్త పోర్టులు ఉండాలి. ఒకటి పాతదైతే ఎంత ఖరీదైన కేబుల్ పెట్టినా లాభం లేదు. కేబుల్ బిగించాక విండోస్ డిస్‌ప్లే సెట్టింగుల్లో రిఫ్రెష్ రేటును (ఈ హెర్ట్జ్ అంకెను) మార్చుకోవాలి, ఎందుకంటే కొన్నిసార్లు అది తక్కువ అంకె వద్దే ఉండిపోతుంది.